పిట్టగోడ దగ్గర మొదలుపెట్టు

అమ్మాయీ,

నీ వ్యాసం రెండుసార్లు చదివాను. యూదుల ధర్మచింతన, ఇజ్రాయెల్ రాజ్యం, ఏఐ మూడింటినీ ఒకచోట చూడాలన్న నీ తపన నాకు నచ్చింది. కానీ మొదటి పేజీలోనే ‘న్యాయం’ అన్న మాట తొమ్మిదిసార్లు వచ్చింది. ఒక్కసారి కూడా కంటికి కనపడలేదు.

కనపడే చోటు చెబుతాను. బైబిల్లో, యూదుల ధర్మశాస్త్రంలో భాగమైన ద్వితీయోపదేశకాండం 22వ అధ్యాయం, 8వ వచనం తియ్యి. కొత్త ఇల్లు కడితే డాబా చుట్టూ పిట్టగోడ కట్టు, లేకపోతే ఎవరైనా పడి చనిపోయిన పాపం నీ ఇంటి మీదే ఉంటుంది అంటుంది. పడ్డవాడు చూసుకుని నడవొద్దా అన్న వాదనకే తావులేదు. డాబా ఎవరిదో పూచీ వాళ్లది. పెద్ద పెద్ద మాటలకన్నా ఈ గోడే నాకు యూదుల నీతిని ఎక్కువ నేర్పింది.

శతాబ్దాల తరబడి పరాయి పాలనల కింద బతికిన జాతికి 1948 మే 14న సొంత డాబా వచ్చింది. ఆ రోజు టెల్ అవీవ్‌లో, ఇజ్రాయెల్ తొలి ప్రధాని అయిన బెన్ గురియన్ చదివిన స్వాతంత్ర్య ప్రకటన, ప్రవక్తలు కలగన్న స్వేచ్ఛ, న్యాయం, శాంతి మీద రాజ్యం నిలబడుతుందని, మతభేదం, జాతిభేదం లేకుండా అందరికీ సమాన హక్కులుంటాయని మాటిచ్చింది. ఆ రాజ్యం పుట్టిన రోజుల్లో యూదులకూ అరబ్బులకూ జరిగిన యుద్ధకాలంలోనే సుమారు 7 లక్షల మంది పాలస్తీనీయులు ఇళ్లూ ఊళ్లూ పోగొట్టుకున్నారు. నువ్వు మొదటిది రాసి రెండోది వదిలేశావు. భయపడ్డావేమో. యూదు రచయిత అహద్ హాఆమ్ భయపడలేదు. పాలస్తీనా చూసొచ్చి 1891లోనే, అక్కడ స్థిరపడిన తనవాళ్లు అరబ్బులతో క్రూరంగా ఉంటున్నారని రాశాడు. జాతి మీద ప్రేమ ఉన్నవాడే అలా రాయగలడు. ఆయన్ని నీ వ్యాసంలోకి తీసుకురా.

ఇక ఏఐ. యూదు పండితుల చర్చల గ్రంథం తాల్ముద్‌లో ఒక చిన్న కథ ఉంది. రావా అనే పండితుడు ఒక మనిషిని సృష్టించి రబ్బీ జేరా దగ్గరికి పంపాడు. జేరా పలకరించాడు, అది పలకలేదు. ‘నీ మట్టిలోకి నువ్వు పో’ అన్నాడాయన. మనిషి కాదనడానికి మాట్లాడలేకపోవడమే అప్పుడు గుర్తు. ఇప్పటి యంత్రం మనకన్నా చక్కగా మాట్లాడుతుంది, ఆ గుర్తు ఇక పనికిరాదు.

మొన్న మా ఆవిడ పొద్దున షుగర్ మాత్ర మర్చిపోయి, రాత్రికి రెండూ కలిపి వేసుకోవచ్చా అని ఫోన్‌ని అడిగింది. క్షణంలో, తడబాటు లేకుండా, వేసుకోవచ్చని జవాబొచ్చింది. డాక్టర్ని అడగమన్న ముక్క అట్టడుగున, సన్నటి అక్షరాల్లో ఉంది. ఆవిడ అప్పటికే గ్లాసు అందుకుంది. నేను చెయ్యి పట్టుకుని ఆపి డాక్టరుకి ఫోన్ చేస్తే, వద్దే వద్దన్నాడు. నాకు ఆ రాత్రంతా టెన్షనే. అంత ఎత్తు డాబాకి ఆ సన్నటి గీతేనా పిట్టగోడ? ఇలాంటి ప్రశ్న నీ ఇంట్లోనూ దొరుకుతుంది, వెతుకు.

ఇంకో మాట. నీ మూడో పేరా నీది కాదు. వాక్యాలన్నీ ఒకే పొడవు, ఎక్కడా ఎవరిమీదా కోపం లేదు. అది తీసేసి, ఆ చోట నువ్వు రాయడానికి జంకిన విషయం రాయి. సంక్రాంతికి వస్తావుగా, వ్యాసం ప్రతి వెంట తెచ్చుకో.

నీ మావయ్య