స్విచ్ బోర్డు చుట్టూ మరక

విజయనగరం

చిరంజీవి తమ్ముడికి,

ఆశీస్సులు. ఆర్ట్ డైరెక్టర్ గురించి నువ్వు రాసి పంపిన వ్యాసం రెండుసార్లు చదివాను. చేసిన సినిమాలు, వచ్చిన అవార్డులు, పిలిచిన దర్శకులు అన్నీ వరసగా ఉన్నాయి. ఆయన పని మాత్రం ఎక్కడా కనబడలేదు. ఒక్క గోడ ఎలా కట్టించాడో చెప్పు చాలు, అవార్డులెందుకొచ్చాయో చదివేవాళ్లకే తెలుస్తుంది.

చాలా ఏళ్ల కిందట హైదరాబాద్‌లో ఒక సీరియల్ సెట్ చూశాను. మధ్యతరగతి ఇల్లు. ప్లైవుడ్ గోడలు, కొత్త రంగు వాసన. కళాదర్శకుడు ఒక కుర్రాణ్ణి పిలిచి, చేతికి మసి పూసుకుని స్విచ్ బోర్డు చుట్టూ రుద్దమన్నాడు. రోజూ పది చేతులు తగిలే చోటు కదా. తర్వాత తాతగారి పాత్ర కూర్చునే బల్ల వెనక గోడకి కొబ్బరినూనె గుడ్డతో గుండ్రంగా అద్దించాడు. తల సరిగ్గా ఎక్కడ ఆనుతుందో చూడ్డానికి ఆ నటుణ్ణే తెచ్చి కూర్చోబెట్టాడు. ఆ మరక చూడగానే చీపురుపల్లిలో మా తాత కూర్చునే అరుగు గుర్తొచ్చి నాకు గొంతు పూడుకుపోయింది. నీ వ్యాసంలో నాకు కావలసింది అలాంటి మరక.

ఇంకో మాట. ప్రొడక్షన్ డిజైనర్, ఆర్ట్ డైరెక్టర్ ఒకటే అన్నట్టు రాశావు. ప్రొడక్షన్ డిజైనర్ అన్న హోదాకి పేరొచ్చింది 1939లో 'గాన్ విత్ ద విండ్'కి పనిచేసిన విలియం కామెరాన్ మెంజీస్‌తో. సినిమా మొత్తం కంటికెలా కనబడాలో, రంగులు, లొకేషన్లు, సెట్లతో సహా, దర్శకుడితో, కెమెరామన్‌తో కూర్చుని తేల్చేది ప్రొడక్షన్ డిజైనర్. దాన్ని వడ్రంగులు, పెయింటర్లతో కట్టించేది ఆర్ట్ డైరెక్టర్. మన దగ్గర చాలాసార్లు రెండూ ఒకరే చేస్తారు. 1957 నాటి 'మాయాబజార్' గోఖలే, కళాధర్‌ల పని. వాళ్లను మనం కళాదర్శకులనే అంటాం. అందుకని ఏ సినిమాకి ఏ పని చేశాడో ఆయన్నే అడుగు.

టీవీ పనిని రెండు వాక్యాల్లో తేల్చేశావు, అది నాకు బాధనిపించింది. సినిమా సెట్ షూటింగ్ అవగానే పీకేస్తారు. సీరియల్ ఇల్లు ఏళ్ల తరబడి నిలవాలి. ఏ గోడ తీస్తే కెమెరాకి చోటొస్తుందో ముందే ఆలోచించి కట్టాలి. దాని గురించి ఆయన్ని అడిగినవాళ్లు ఎవరూ ఉండరు. నువ్వడుగు. పక్కన వడ్రంగి మేస్త్రీ ఉంటే ఆయన్నీ అడుగు.

ఆయన్ని మళ్లీ కలిసేముందు మీ అమ్మమ్మగారి పెంకుటింటికి వెళ్లు. గడప మీద పసుపు ఎక్కడ చెరిగిందో, అరుగు ఏ మూల నున్నబడిందో రాసుకో. ఆ కాగితం ఆయనకి చూపించు, ఆయనే మాట్లాడతాడు.

సిరిమాను పండక్కి ఊళ్లోనే ఉంటాను. కొత్త ప్రతి పట్టుకుని ఇంటికి రా.

మీ అన్నయ్య