ఆ ఇన్‌స్పెక్టరమ్మ కథ నిజమేనా?

ప్రశ్న: మేడం, మాది హిందూపురం దగ్గర పల్లె. తొమ్మిదేళ్లుగా బెంగళూరులో గార్మెంట్స్‌లో చేస్తున్నా, ఇప్పుడు చొక్కాలకు లేబుల్ కుట్టే పని. ఇన్‌స్పెక్షన్ ఉందంటే మాకు ముందురోజే తెలిసిపోతుంది. బాత్రూములు కడిగిస్తారు, వచ్చినాయన ఆఫీసు రూంలో కూర్చుని వెళ్లిపోతారు, మా లైన్ దాకా రారు. కంప్లయింట్ ఇద్దామంటే పేరు బయటపడుతుందని టెన్షన్. మా పక్కింట్లో లా చదివే అమ్మాయి, అమెరికాలో ఫ్లోరెన్స్ కెల్లీ అనే ఇన్‌స్పెక్టర్ ఇల్లిల్లూ తిరిగి చూసేదని చెప్పింది. నిజమేనా? ఆవిడను చివరికి ఏం చేశారు?
- ఓ పాఠకురాలు, బొమ్మనహళ్లి

జవాబు: నిజమేనమ్మా. ఆవిడ 1859లో ఫిలడెల్ఫియాలో పుట్టింది, తండ్రి అక్కడి పార్లమెంటు సభ్యుడు. చదువూ పలుకుబడీ ఉన్న ఇల్లే, అయినా భర్త పెట్టే హింస భరించలేక ముగ్గురు పిల్లలను తీసుకుని 1891 చివర్లో షికాగో చేరింది. మరుసటి ఏడాదే ఇల్లినాయ్ రాష్ట్ర కార్మిక గణాంకాల శాఖ కుట్టుపని ఎక్కడెక్కడ ఎలా జరుగుతోందో చూసి రమ్మంది. అప్పట్లో ఆ పని చాలావరకు ఇరుకు గదుల్లో సాగేది. కాంట్రాక్టర్ కట్ చేసిన బట్ట తెచ్చి పడేస్తే, వంటా పడకా ఉన్న గదిలోనే తల్లీ పిల్లలూ కూర్చుని కుట్టేవాళ్లు. ఆవిడ ఆ మెట్లన్నీ ఎక్కింది.

1893లో చట్టం వచ్చింది: 14 ఏళ్ల లోపు పిల్లలకు ఫ్యాక్టరీ పని లేదు, ఆడవాళ్లకు రోజుకు 8 గంటలే. గవర్నర్ ఆల్ట్‌గెల్డ్ ఆవిడనే చీఫ్ ఫ్యాక్టరీ ఇన్‌స్పెక్టర్‌ని చేశాడు. రాష్ట్రమంతటికీ ఆవిడ కింద ఉన్నది 11 మందే. మశూచి వచ్చినప్పుడు, రోగులు పడుకున్న గదుల్లోనే కోట్లు కుడుతుంటే, ఆ గదుల్లోకీ వెళ్లి చూసింది.

నాకు బాగా నచ్చేది తర్వాతి సంగతి. ఫొటో ఫ్రేములకు పూత వేసే పనిలో ఓ పదకొండేళ్ల పిల్లాడి చెయ్యి పాడైపోయింది, కేసు పెట్టమని ప్రభుత్వ వకీలు దగ్గరికి వెళితే, ఈ రోజు ఈ చిన్న ఫ్రేముల షాపు మీద అంటావు, రేపు పెద్ద షాపు మీద కేసు తెస్తావేమో, నాకు తీరిక లేదు పొమ్మన్నాడు. ఆవిడ నేరుగా వెళ్లి లా కాలేజీలో చేరింది, ఉద్యోగం చేస్తూనే 1895లో డిగ్రీ తెచ్చుకుంది.

అదే ఏడాది ఇల్లినాయ్ సుప్రీంకోర్టు 8 గంటల నియమాన్ని కొట్టేసింది. ఎన్ని గంటలకు ఒప్పుకోవాలనేది ఆడవాళ్ల స్వేచ్ఛట! ఇది చదివినప్పుడల్లా నాకు కడుపు మండుతుంది. ఇంటి అద్దె కట్టాల్సిన మనిషికి వద్దనే స్వేచ్ఛ ఎక్కడుంటుంది? 1897లో కొత్త గవర్నర్ ఆవిడను తీసేశాడు.

మీ టెన్షన్ సంగతి. అంతర్జాతీయ కార్మిక సంస్థ 81వ ఒప్పందాన్ని మన దేశం 1949లోనే ఒప్పుకుంది. ఇన్‌స్పెక్టర్ ముందు చెప్పకుండా ఏ వేళైనా రావచ్చు, కంప్లయింట్ ఇచ్చినవాళ్ల పేరు బయటపెట్టకూడదు అని అందులో రాసి ఉంది. కాబట్టి మీరు అడుగుతున్నది దయ కాదు. ఒక్కరే వెళ్లకండి, యూనియన్‌తోనో, లైన్‌లో నలుగురితోనో కలిసి ఇవ్వండి. ఓటీ గంటలు తేదీలతో సహా ఓ నోట్‌బుక్‌లో రాసి ఉంచండి.

ఉద్యోగం పోయాక కెల్లీ సాయంత్రాలు ఓ లైబ్రరీలో పనిచేసింది. 1899లో న్యూయార్క్ వెళ్లి జాతీయ వినియోగదారుల సంఘానికి కార్యదర్శి అయింది, 1932లో చనిపోయేదాకా అందులోనే ఉంది. అక్కడ ఆ సంఘం తెల్ల లేబుల్ ఒకటి నడిపింది. ఓటీ లేకుండా, 16 ఏళ్ల లోపు పిల్లలు లేకుండా, ఫ్యాక్టరీ చట్టం పాటిస్తూ, మొత్తం సొంత ఫ్యాక్టరీలోనే కుట్టిన బట్టకే ఆ లేబుల్ వేయనిచ్చేవాళ్లు, అది చూసి కొనమని ఆడవాళ్లకు చెప్పేవాళ్లు. రోజూ మీ చేతి కింద నుంచి వెళ్లేలాంటి చిన్న గుడ్డముక్కే అమ్మా అది.