గొంతులను అప్పుడే పట్టుకోండి

చిరంజీవి చిన్నోడికి పెదనాన్న ఆశీస్సులు.

నవోదయలో మీ ఎనిమిదో తరగతి పిల్లలంతా కలిసి కథ రాసుకుని సినిమా తీస్తున్నారని, ప్రిన్సిపాల్ గారు అందుకు ఆదివారాలు ఫోన్లు ఇప్పించడానికి ఒప్పుకున్నారని మీ నాన్న చెప్పగానే ఎంత సంతోషించానో అంత కంగారుపడ్డాను. సీన్లు కాగితం మీద పెట్టుకోండి. ఎవరి పని ఏమిటో ముందే తేల్చుకోండి. షాటు కోసమని ఎవరూ వాటర్ ట్యాంకు ఎక్కకూడదు. ట్యూబులైటు కింద బొమ్మ మిణుకుమంటే, మన కరెంటు 50 హెర్ట్జ్‌ది కనుక ఫోను కెమెరాలో షట్టరు వేగాన్ని, అంటే ఒక్కో బొమ్మకు వెలుగు పడనిచ్చే సమయాన్ని, సెకనులో 50వ వంతుకు పెట్టి చూడండి.

నా బెంగంతా మాటల గురించే. సౌండు విభాగంలో చేరిన కొత్తలో నేను పనిచేసిన ఒక యూనిట్టు, హాస్టలు కథను అక్కడి పిల్లలతోనే తీసింది. బోరు మోటారు మోగుతున్నా, వరండాలో పళ్లేలు కడుగుతున్నా దర్శకుడు ఆగేవాడు కాదు. "డబ్బింగులో చూసుకుందాం" అనేవాడు. ఇంతలో సెలవులొచ్చి పిల్లలు ఊళ్లకు వెళ్లిపోయారు. డబ్బు సర్దుబాటై వాళ్లను పిలిపించేసరికి నెలలు గడిచాయి. ప్రధాన పాత్ర వేసిన పిల్లవాడు మైకు ముందు నిలబడి "అమ్మా, నన్ను ఇంటికి తీసుకుపో" అన్నాడు. తెర మీద పసివాడి ముఖం, వినిపించింది బొంగురు గొంతు. సన్నగా పలకాలని మళ్లీ మళ్లీ ప్రయత్నించి, చివరికి తల వంచుకుని కూర్చున్నాడు. వేరే ఆర్టిస్టు చేత చెప్పించి సినిమా పూర్తి చేశారు గానీ, వాడి ఊరి యాస, ఏడుపు ఆపుకోవడానికి మాట మధ్యలో వాడు మింగిన గుటక అందులో లేకుండా పోయాయి.

మీ గొంతులు మారే వయసూ ఇదే. పైగా తొమ్మిదో తరగతిలో 30 శాతం మందిని ఏడాదిపాటు హిందీ ప్రాంతపు నవోదయకు పంపుతారు కదా, అప్పుడు ఎవరిని ఎక్కడని వెతుకుతావు? 1932లో విడుదలైన మన తొలి టాకీ 'భక్త ప్రహ్లాద' తీసినప్పుడు నటులు కెమెరా ముందే పలికి, పాడవలసి వచ్చింది. మీరూ అలాగే తీయండి.

ఫ్యాను ఆపించి, రెండో ఫోనును ఫ్రేములో పడకుండా మాట్లాడేవారికి మూరెడు దూరంలో ఉంచి, రికార్డింగు మొదలుపెట్టండి. షాటుకు ముందు ఒక్క చప్పట కొడితే ఎడిటింగులో బొమ్మా శబ్దమూ సులువుగా కలుస్తాయి. షాటు ఓకే అయ్యాక అదే చోట అవే మాటలు మరోసారి చెప్పించి, అరనిమిషం అందరూ మౌనంగా ఉండి ఎడిటింగులో మాటల మధ్య ఖాళీలు పూడ్చుకోవడానికి ఆ చోటి నిశ్శబ్దాన్ని కూడా తీసుకోండి. ఆ సాయంత్రమే వినాలి, వారం తర్వాత కాదు.

పిల్లల చేత పుస్తకాల తెలుగు పలికించాలనుకుంటున్నావట. ఆ పని మాత్రం చేయకు. ఎవరి ఇంటి మాట వారిని మాట్లాడనివ్వు నాయనా, చిన్నప్పుడు నువ్వు నాతో మాట్లాడినట్టే. వచ్చే ఆదివారం మీ నాన్న చేత నా హెడ్‌ఫోన్లు పంపిస్తున్నాను. మొదటి రోజు సౌండు ఫైళ్లు ఆయన ఫోనులో వేసి పంపు, విని ఉత్తరం రాస్తాను.

మీ పెదనాన్న