3.6 లక్షల ప్యాకేజీ అంటే నెలకు 30 వేలు చేతికి ఎందుకు రావు?

రావు, ఎందుకంటే ఆఫర్ లెటర్‌లో ఉండే సీటీసీ (కాస్ట్ టు కంపెనీ) మీ జీతం కాదు, మీ మీద కంపెనీకి ఏడాదికయ్యే మొత్తం ఖర్చు. కంపెనీ కట్టే పీఎఫ్ (భవిష్య నిధి) వాటా, గ్రాట్యుటీ (కొన్నేళ్లు పనిచేసి మానేసేటప్పుడు ఇచ్చే మొత్తం), వేరియబుల్ పే (పనితీరును బట్టి ఇచ్చే భాగం) అన్నీ అందులోనే కలిపేస్తారు.

వైజాగ్ రుషికొండలోని ఓ ఐటీ కంపెనీలో చేరిన ఫ్రెషర్ లెక్క చూద్దాం. సీటీసీ నెలకు 30,000. అందులో బేసిక్ (మూల వేతనం) 15,000, వేరియబుల్ పది శాతం అనుకుందాం. వేరియబుల్ 3,000, కంపెనీ పీఎఫ్ వాటా 1,800, గ్రాట్యుటీ 722 పోతే గ్రాస్ (కోతలకు ముందు నెల జీతం) 24,478. అందులోంచి మళ్లీ ఉద్యోగి పీఎఫ్ వాటా 1,800, ఆంధ్రప్రదేశ్ వృత్తి పన్ను 200 కోస్తారు. బ్యాంకులో పడేది 22,478. ఇన్సూరెన్స్ ప్రీమియం కూడా సీటీసీలోనే చూపిస్తే ఇంకాస్త తగ్గుతుంది.

చాలామంది ఇదంతా ఇన్‌కమ్ ట్యాక్స్ కోత అనుకుంటారు. కొత్త పన్ను విధానంలో ఈ జీతానికి ట్యాక్సే లేదు. పీఎఫ్ మీ డబ్బే, ఉద్యోగం మారినప్పుడు అదే యూఏఎన్ (కంపెనీ మారినా మారని మీ పీఎఫ్ నంబర్) ఇచ్చి బదిలీ చేసుకోవాలి. అసలు జాగ్రత్తపడాల్సింది వేరియబుల్ దగ్గర: అది గ్యారంటీ కాదు, చాలాచోట్ల మూడు నెలలకో ఏడాదికో ఇస్తారు, మధ్యలో మానేస్తే రాకపోవచ్చు. అందుకే సంతకం పెట్టకముందే హెచ్‌ఆర్‌ని నెలవారీ శాలరీ బ్రేకప్ మెయిల్‌లో పంపమనండి, వేరియబుల్ షరతులు కూడా అందులోనే రాయమనండి. ఫోన్‌లో చెప్పిన మాట తర్వాత చెల్లదు.