సందేహాలు – సమాధానాలు: కవిని ఉదాసీనుడు అనవచ్చా?

సందేహం: మాస్టారూ, నమస్కారం. మా అమ్మాయి ఎం.ఏ. తెలుగు చదువుతోంది. పాశ్చాత్య సాహిత్యం పేపరు కోసం రాసుకున్న నోట్సులో ‘పర్ణాసియన్లు ఉదాసీన కవులు’ అని కనిపించింది. కవిని పట్టుకుని ఉదాసీనుడు అనడమేమిటి, రాసే పని మీద శ్రద్ధ లేనివాళ్లా వాళ్లు అని, ఆ మాట కొట్టేసి ‘నిర్లిప్త కవులు’ అని దిద్దాను. క్లాసులో చెప్పిందే రాశానని అది ఒకటే గొడవ. ఎవరిది ఒప్పు? ఆ ‘పర్ణ’కూ మన పర్ణశాలకూ ఏమైనా సంబంధం ఉందా?
– ఒక తల్లి, తెనాలి

సమాధానం: చిన్నదాన్ని ముందు వదిలించుకుందామమ్మా. మీ నోట్సులోని వాళ్లు పంతొమ్మిదో శతాబ్దపు ఫ్రెంచి కవుల బృందం. వాళ్ల పేరుకు పర్ణశాలతో చుట్టరికం ఏమీ లేదు, అది ఒక కొండ పేరు నుంచి వచ్చింది. గ్రీసులో డెల్ఫీ దగ్గర పర్నాసస్ అని ఒక కొండ ఉంది. ఎత్తు 2,457 మీటర్లు. అపోలో దేవుడికీ, మ్యూజులనే తొమ్మిదిమంది కళాదేవతలకూ అది నెలవని చెప్పుకునేవారు. ఆ పేరు అసలు గ్రీకు మాటే కాదనీ, అంతకుముందు అక్కడ ఉన్నవాళ్ల భాష నుంచి మిగిలిపోయిందనీ పండితులు అంటారు. ప్రాచీన అనటోలియా భాషల్లో ‘పర్న’ అంటే ఇల్లు కాబట్టి దేవుడి ఇల్లున్న కొండ అనే అర్థంలో పేరు పడి ఉండొచ్చని ఒక ఊహ కూడా ఉంది. ఆకులతో వేసిన ఇల్లు మనకు పర్ణశాల కదా అని అప్పుడే చప్పట్లు కొట్టకండి. చెవికి ఒకేలా వినిపించిన రెండు మాటలకు పెళ్లి చేసేయడం మన దగ్గర పాత జబ్బు. మన పర్ణం ఆకు, వాళ్ల పర్న ఇల్లు. ‘ణ’ తీసేసి ‘పార్నాసియన్’ అని రాయమనండి. పారిస్‌లోని మోంపర్నాస్ పేటకు కూడా ఈ కొండ పేరే పెట్టుకున్నారు. ఆ సంగతి ఇక్కడితో చాలు.

ఇక అసలు తగువు. మీ అమ్మాయిదే ఒప్పు. అంతమాత్రాన మీది తప్పని కాదు. ఇలా అంటే గోడమీది పిల్లి అంటారని తెలుసు, కానీ ఆ మాటకు పట్టిన గతి అలాంటిది.

‘ఉదాసీన’లో ఉన్నది ‘ఆస్’ అనే ధాతువు, అంటే కూర్చోవడం. ఆసనం, ఆసీనుడు అన్నీ దాని పిల్లలే. మామూలుగా అయితే చివర ‘ఆన’ రావాలి, ‘ఈన’ వచ్చింది. ఈ ఒక్క ధాతువు కోసం పాణిని విడిగా ఒక సూత్రం చేసుకోవలసి వచ్చింది. దానికి ముందు ‘ఉప’ చేరిస్తే దగ్గరగా కూర్చోవడం, అదే ఉపాసన. ‘ఉత్’ చేరిస్తే పైన, ఎడంగా కూర్చోవడం. ఉదాసీనుడంటే ఎత్తయిన చోట, గుంపుకు దూరంగా కూర్చుని అంతా చూస్తున్నవాడు. చూడడం మానేసినవాడు కాడు.

కౌటిల్యుడి రాజమండలంలో, అంటే ఒక రాజు చుట్టూ ఉండే శత్రుమిత్రుల లెక్కలో, ఉదాసీనుడు ఎవరో చూడండి. యుద్ధానికి దిగిన ఇద్దరికీ, మధ్యలో ఉన్న మధ్యముడికీ కూడా అవతల ఉండేవాడు, వాళ్లందరికంటే బలవంతుడు. తలుచుకుంటే ఎవరికైనా సాయం చేయగలడు, విడివిడిగా ఉంటే ఎవరినైనా అణచగలడు. చేతగాక ఊరుకున్నవాడు ఉదాసీనుడు కాడన్నమాట. గీత తొమ్మిదో అధ్యాయంలో ‘ఉదాసీనవదాసీనం’ అని భగవంతుడు తన గురించే చెప్పుకుంటాడు. సృష్టి అంతా తనవల్లే నడుస్తున్నా ఆ కర్మలు తనను కట్టిపడేయవని దాని భావం. ఇవాళ్టి పేపరు అర్థమే తీసుకుంటే ఆ భగవంతుడు ఫైలు కదపని గుమాస్తా అయిపోతాడు!

పేపరు అర్థం అని ఎందుకన్నానంటే, ‘అధికారుల ఉదాసీన వైఖరి’ అనే మాట లేకుండా తెల్లవారడం లేదు. డ్రైనేజీ పొంగితే ఉదాసీనత, వంతెన కూలితే ఉదాసీనత. నిర్లక్ష్యం, అలసత్వం, పట్టనితనం అని మూడు మంచి మాటలుండగా వాటిని వదిలేసి సింహాసనం మీద కూర్చున్న మాటను తెచ్చి మురిక్కాలువలో దింపారు. పక్కనున్న ‘వైఖరి’ సంగతి ఇంకా ఘోరం. పరా, పశ్యంతీ, మధ్యమా దాటి నాలుక మీదికి వచ్చిన వాక్కు దశను వైఖరి అంటారు. దాని గురించి మొదలుపెడితే ఇవాళ పార్నాసియన్ల దగ్గరికి చేరం. హిందీలో ‘ఉదాస్’ అంటే దిగులు. ఆ నీడ కూడా మన మాట మీద పడింది.

దీనివల్ల నాకే ఒకసారి దెబ్బ తగిలింది. ఒక మిత్రుడి పద్యాల పుస్తకానికి ముందుమాట రాస్తూ ‘ఈ కవి తన దుఃఖం పట్ల కూడా ఉదాసీనుడు’ అన్నాను. నా మటుకు అది పెద్ద పొగడ్త. పుస్తకం అచ్చయ్యాక ఆయన మూడు నెలలు నాతో మాట్లాడలేదు. ఎవరో ఆయనకు ‘నీకు శ్రద్ధ లేదని రాశాడయ్యా’ అని చెప్పారట. రెండో కూర్పులో నా ముందుమాటే లేదు.

ఇప్పుడు ఆ ఫ్రెంచి కవుల దగ్గరికి రండి. 1866లో పారిస్‌లో అల్ఫోన్స్ లెమేర్ అనే ప్రచురణకర్త ‘సమకాలీన పర్నాసస్’ అనే అర్థం వచ్చే పేరుతో ఒక కవితా సంకలనం వేశాడు. కూర్చినవాళ్లు కతుల్ మెందేస్, లూయీ గ్జావియే ద రికార్. రెండోది ప్రష్యాతో యుద్ధం వల్ల ఆలస్యమై 1871లో, మూడోది 1876లో వచ్చాయి. ఆ పుస్తకం పేరే వాళ్లకు బిరుదైంది. వాళ్లకు ముందు ఫ్రాన్సును ఏలినవాళ్లు రొమాంటిక్కులు. సరస్సు ఒడ్డున కూర్చుని ప్రేయసిని తలుచుకుని ఏడ్చిన లమార్తీన్, గాయం ఎంత లోతైతే పాట అంత గొప్పదని నమ్మిన ముస్సే లాంటివాళ్లు. వాళ్లు ఉపాసకులు. దుఃఖానికి, ప్రేయసికి, తమకే అతిదగ్గరగా కూర్చున్నవాళ్లు. పార్నాసియన్లు లేచి వెళ్లి కొండమీద కూర్చున్నారు. ఒకే ‘ఆస్’, ఉపసర్గ ఒక్కటే మారింది. ఇంతకంటే తేలిగ్గా ఆ ఉద్యమాన్ని ఏ గైడు పుస్తకమూ చెప్పలేదు. అందుకే మీ అమ్మాయికి ఆ మాట చెప్పినవారెవరో గాని, వారికి నా నమస్కారం.

పరీక్షకు కావలసిన మిగతా లక్షణాలు గబగబా చెప్పేస్తాను. కవిత్వం నీతికో రాజకీయానికో పనిముట్టు కాదు, అందమే దాని పని. ఇది తియోఫిల్ గోతియే 1835లోనే తన నవల ముందుమాటలో గట్టిగా అన్న మాట. భావం పొంగితే చాలదు, రూపం చెక్కాలి. ప్రాస నిండుగా పడాలి. ఎరెదియా అనే కవి మొదటి సంకలనంలోనే ఉన్నాడు గాని, తన పుస్తకం తెచ్చింది 1893లో. అందులో 118 సొనెట్లు, అంటే పద్నాలుగు పాదాల పద్యాలు. ఏడాదికి ఎన్ని పడ్డాయో మీరే లెక్కేసుకోండి. నెలకో సంపుటి వేసే మనవాళ్లు ఆ లెక్క వేసుకోకపోవడమే మంచిది.

గోతియే ‘కళ’ అని ఒక కవిత రాశాడు. ప్రతి నాలుగు పాదాల్లోనూ మూడో పాదం రెండే రెండు అక్షరాలు. రాయి మీద ఉలి ఠక్కున ఆగినట్టు ఉంటుంది. అందులో తేలిక ఛందస్సును ఈసడిస్తూ, అది ఏ పాదమైనా తొడుక్కుని విడిచేసే వదులు చెప్పులాంటిదంటాడు. ఫ్రెంచిలో కూడా ‘పాదం’ అనే మాటకు కాలూ, పద్యం కొలతా రెండర్థాలూ ఉన్నాయి. శ్లేష పోకుండా ఇంత సులువుగా మన భాషలోకి దిగే ఫ్రెంచి చమత్కారాలు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. 

వీళ్లందరికీ పెద్ద లెకాంత్ ద లీల్. ఈయన దగ్గర కాసేపు ఆగుతాను, ఆగకపోతే నాకు నిద్రపట్టదు. 1818లో హిందూ మహాసముద్రంలోని రీయూనియన్ దీవిలో పుట్టాడు. 1820ల చివర్లో మన యానాం నుంచి తెలుగు కూలీలను ఓడలెక్కించి తీసుకెళ్లిన దీవి అదే. తండ్రికి తోటలు, తోటల్లో బానిసలు. 1848లో ఫ్రెంచి వలసల్లో బానిసత్వం రద్దు కావాలన్నవాళ్ల వైపు ఈయన నిలబడ్డాడు. ఇంటినుంచి వచ్చే డబ్బు ఆగిపోయింది. ఆ తర్వాత చాలాకాలం చాలీచాలని బతుకే. అమ్మా, పార్నాసియన్లలో అందరికంటే ఉదాసీనుడని పేరుపడ్డ కవి ఈయన! పేపరు అర్థంలో ఇక్కడ ఉదాసీనత ఎక్కడుందో వెతికి చెప్పండి.

ఈయన సొనెట్ ఒకటుంది, పేరు తెలుగులో చెప్పాలంటే ‘ఆడించేవాళ్లు’. జంతువు మెడకు గొలుసు కట్టి ఎండలో వీధుల వెంట తిప్పుతారే, అలా తన నెత్తురోడే గుండెను జనం ముందు తిప్పదలచినవాడు తిప్పుకోనీ, నేను మాత్రం నా మత్తునూ నా బాధనూ మీకు అమ్మను, మీ తడికల వేదికెక్కి చిందులు వేయను అంటాడు. బాధ లేదనలేదు, గమనించండి. అమ్మనన్నాడు.

మన కథలంటే ఈయనకు మక్కువ. సూర్యుడికి వేదమంత్రం ఫక్కీలో ఒక స్తుతి రాశాడు, శునశ్శేపుడి కథ రాశాడు, శివధనుస్సు మీద రాశాడు. భాగవతం బుర్నూఫ్ అనే పండితుడి ఫ్రెంచి అనువాదంలో దొరికింది. దాన్నుంచి పుట్టిన కవితలో మైత్రేయుడు, నారదుడు, అంగిరసుడు గంగ ఒడ్డున కూర్చుని ఒకరు ప్రేమ బాధ, ఒకరు అమ్మ జ్ఞాపకం, ఒకరు సందేహం వెళ్లబోసుకుంటారు. మన పురాణంలో వాళ్లు అలా ఏడవరు, అది వేరే సంగతి.

కానీ నాకు ఒళ్లు జలదరించేది ‘వాల్మీకి మరణం’. వాల్మీకి ముసలివాడయ్యాడు, వందేళ్లు. బతుకంటే విసుగు పుట్టింది. హిమవంతం మీదికి ఎక్కి, కిందనున్న లోకాన్ని ఒకసారి చూసుకుని, కదలకుండా ధ్యానంలో కూర్చున్నాడు. చీమలు వచ్చాయి. ఒకటి, పది, బారులు బారులు. కాళ్ల మీదుగా పైకి పాకాయి. తింటున్నాయి. ఆయనకు తెలియదు. చివరికి కొండకొమ్మున కూర్చున్న భంగిమ చెదరని ఎముకలగూడు మిగిలింది.

మనకు వాల్మీకి పుట్టలోంచి వచ్చాడు. వల్మీకం అంటే పుట్ట, పేరులోనే ఉంది. తపస్సులో కూర్చుంటే పుట్ట పెరిగింది, అది బద్దలై కవి లేచాడు, తర్వాత క్రౌంచపక్షి ఏడుపు విని శ్లోకం పలికాడు. ఆ ఫ్రెంచి ఆయన కథను వెనక్కి తిప్పాడు. రామాయణం రాసేసిన కవిని తీసుకెళ్లి చీమలకు అప్పగించాడు. మన కథలో శోకమే శ్లోకమైంది, ఆయన కథలో శోకం వినిపించనంత ఎత్తుకు కవి వెళ్లి కూర్చున్నాడు. ఉత్ ప్లస్ ఆసీన. ఉదాసీన శబ్దానికి ఇంతకంటే నిక్కమైన బొమ్మను సంస్కృత నిఘంటువులు కూడా వేయలేదు. ఇది మన సంప్రదాయానికి అన్యాయం కాదా అంటే, కొంత అన్యాయమే. కన్నీళ్లు లేని వాల్మీకి నాకు పూర్తిగా మింగుడుపడడు. అయినా ఆ కవిత చదివినప్పుడల్లా కాళ్లు పైకి ముడుచుకుంటాను.

ఇక మీ ‘నిర్లిప్త’. లేపం అంటే పూత. పూత అంటనిది నిర్లిప్తం, తామరాకు మీద నీటిబొట్టు. తప్పేమీ కాదు, కానీ అందులో ఎత్తు లేదు, చూపు లేదు. ‘నిర్వికార’ అంటే ముఖకవళికలు మారనిది. వాళ్ల విమర్శకులు వాడే ఫ్రెంచి మాటకు అది దగ్గర, కాకపోతే రాతిబొమ్మను గుర్తుచేస్తుంది, మనిషిని కాదు. ‘తటస్థ’ బాగానే ఉంటుంది, గట్టుమీద నిలబడ్డవాడు. దాన్ని ఎన్నికల వార్తలు పాడుచేశాయి. ‘నిర్మమ’ అనొచ్చు, కానీ ఇవాళ ఎంతమందికి తెలుస్తుంది? నేనైతే ఉదాసీననే వాడతాను, వాడి నా మిత్రుణ్ణి పోగొట్టుకున్నాను కూడా. సామాన్య పాఠకుల కోసం రాసేటప్పుడు ‘నిర్లిప్త’ అంటే నేను తగువుకు రాను.

పరీక్ష సంగతి వేరు. మీ అమ్మాయిని ‘ఉదాసీన కవులు’ అనే రాసి, పక్కనే ‘పాత అర్థంలో’ అని చేర్చమనండి. దిద్దేవారు గీత చదివినవారైతే ఒక మార్కు ఎక్కువ పడుతుంది, పేపరు మాత్రమే చదివేవారైతే ఒకటి తగ్గుతుంది. ‘ణ’ మాత్రం ఎవరు దిద్దినా తప్పే.