లైట్లకి డబ్బుల్లేకపోతే నెస్తోర్ అల్మెంద్రోస్‌ని చూడండి

లైట్ కిట్ అద్దెకు తెచ్చుకునే స్తోమత లేని కొత్త కెమెరామన్ ఎవరి పని చూసి నేర్చుకోవాలని అడిగారు కదా. నేనైతే స్పెయిన్‌లో పుట్టిన కెమెరామన్ నెస్తోర్ అల్మెంద్రోస్ పేరే చెబుతాను, అదీ ఆయన క్యూబా రోజుల నుంచి చూడమంటాను.

ఆయన పుట్టింది 1930లో బార్సిలోనాలో. స్పెయిన్ నియంత ఫ్రాంకో పాలన వల్ల దేశం విడిచిన తండ్రి క్యూబాలో ఉండటంతో 1948లో ఈయనా అక్కడికి చేరారు. విప్లవం తర్వాత ప్రభుత్వ సినిమా సంస్థ కోసం డాక్యుమెంటరీలు తీశారు. పల్లెల్లో గుడిసెలు, లోపల పట్టపగలే చీకటి. లైట్లు లేవు. బయట అద్దం పెట్టి ఎండని లోపలికి మళ్లించి తీసేవారు.

ఇది చదివినప్పుడు పెద్దగా పట్టించుకోలేదు. తర్వాత పోచంపల్లి దగ్గర ఒక చేనేత కుటుంబం మీద చిన్న డాక్యుమెంటరీ తీస్తున్నప్పుడు, లైట్లు తెస్తామన్నవాళ్లు పొద్దున పది దాటినా రాలేదు. ఒకటే టెన్షన్. అప్పుడు గుర్తొచ్చింది. వాళ్లింటి నిలువుటద్దం అడిగి వాకిట్లో పెట్టాం. మొదట వెలుగు నేరుగా మగ్గం మీదకి కొడితే పెద్దమ్మ కళ్లు మూసేసుకుంది. ఎదురుగా సున్నం వేసిన గోడ మీదకి తిప్పాం. అంతే, గదంతా మెత్తగా వెలుగు పరుచుకుంది, పడుగులో ఒక్కో పోగూ విడివిడిగా కనిపించింది. కాకపోతే సూర్యుడు ఆగడు కదా, కాసేపటికే వెలుగు పక్కకి జరిగిపోయేది. వాళ్ల మనవడు అద్దం పక్కనే కూర్చుని తిప్పుతూ ఉన్నాడు.

ఇక ఆయన కథలోకి వస్తే, 1961లో హవానా రాత్రుల మీద తీసిన 'పి.ఎం.' అనే చిన్న సినిమాని ప్రభుత్వం నిషేధించింది. దాన్ని పత్రికలో మెచ్చుకున్నందుకు అల్మెంద్రోస్ విమర్శకుడి ఉద్యోగం పోయింది. పారిస్ వెళ్లి చాలా ఇబ్బందులు పడ్డారు. ఒకసారి ఫ్రెంచ్ దర్శకుడు ఎరిక్ రోమర్ షూటింగ్ చూడ్డానికి వెళ్తే, ఆ రోజే కెమెరామన్ పని వదిలేసి వెళ్లిపోయాడట. "నేను తీస్తాను" అని ముందుకొచ్చారు. రోమర్‌తో, మరో ఫ్రెంచ్ దర్శకుడు త్రూఫోతో ప్రయాణం అలా మొదలైంది.

'డేస్ ఆఫ్ హెవెన్' (1978) తప్పకుండా చూడండి. కెనడాలోని ఆల్బర్టాలో తీశారు. సూర్యుడు దిగిపోయాక, చీకటి పడేలోపు దొరికే ఇరవై నిమిషాల కోసం రోజంతా సిద్ధమయ్యేవారు. పెట్టిన లైట్లు ఈయన ఆర్పించేస్తుంటే అలవాటైన పద్ధతిలో పనిచేసే యూనిట్ వాళ్లకి మింగుడుపడలేదు. అప్పటికే ఆయన చూపు తగ్గుతోంది. అసిస్టెంట్ పోలరాయిడ్ ఫొటోలు తీసిస్తే, వాటిని బాగా పవరున్న కళ్లద్దాలతో పరీక్షించి లైటింగ్ నిర్ణయించేవారు. అది చదివిన రోజు నాకు నిద్ర పట్టలేదు. త్రూఫో సినిమాకి ముందే మాటిచ్చినందువల్ల మధ్యలో వెళ్లిపోతే మిగతాది మరో కెమెరామన్ హాస్కెల్ వెక్స్‌లర్ పూర్తి చేశారు, ఆయన కష్టాన్నీ మరిచిపోకూడదు. ఆస్కార్ మాత్రం అల్మెంద్రోస్‌కి వచ్చింది.

దేశం వదిలి వచ్చినా క్యూబా సంగతిని అల్మెంద్రోస్ వదిలిపెట్టలేదు. అక్కడ స్వలింగ సంపర్కుల మీద జరిగిన అణచివేత గురించి 1984లో ఓర్లాందో హిమేనెజ్ లియల్‌తో కలిసి డాక్యుమెంటరీ తీశారు. ఈ లియల్ 'పి.ఎం.' తీసిన ఇద్దరిలో ఒకరు. అల్మెంద్రోస్ 1992లో న్యూయార్క్‌లో చనిపోయారు.

మీరు మొదలుపెట్టేటప్పుడు అద్దం కనీసం మూడడుగులది తీసుకోండి. గోడకి రంగు వేసి ఉంటే ఆ రంగు ముఖాల మీదకి వస్తుంది, అందుకే తెల్లగోడ దొరక్కపోతే గోడకి తెల్ల థర్మాకోల్ షీటు ఆనించి పెట్టుకోండి.