కువైట్ నుంచి తెచ్చిన ఐఫోన్‌లో ఉచిత యాప్ కూడా డౌన్‌లోడ్ కాకపోతే

రాజంపేట నుంచి ఒక తల్లి అడిగిన ప్రశ్న ఇది: "మా వారు కువైట్‌లో తొమ్మిదేళ్లు పనిచేసి వచ్చారు. ఆయన వాడిన ఐఫోన్ ఇంటర్ చదివే పాపకు ఇచ్చాం. డబ్బు అక్కరలేని యాప్ నొక్కినా చెల్లింపు వివరాలు అడుగుతోంది. మన డెబిట్ కార్డు తీసుకోవడం లేదు. యూపీఐ అసలు కనిపించడమే లేదు. ఫోను రీసెట్ చేయించమంటారా?"

వద్దమ్మా, రీసెట్ చేయించకండి. ఎవరు చెప్పినా చేయించకండి. చిక్కు మీ వారి యాపిల్ ఖాతాలో ఉంది. ఫోనంతా తుడిచినా ఆ ఖాతా అలాగే ఉంటుంది, అందులోని చిక్కూ అలాగే ఉంటుంది. పైగా తుడిచిన ఫోను మళ్లీ తెరుచుకోవాలంటే ఆ పాత ఖాతా పాస్‌వర్డే అడుగుతుంది. అది గుర్తు లేకపోతే ఫోను తెరవడం పెద్ద తలనొప్పి అవుతుంది.

ఇంత గట్టిగా చెప్పడానికి కారణం ఉంది. కడపలో నాది జిరాక్స్, ఆన్‌లైన్ దరఖాస్తుల అంగడి. మా బావ పదకొండేళ్లు కువైట్‌లో డ్రైవరుగా చేసి, 2023లో వచ్చేశారు. ఆయన ఐఫోన్ నా మేనకోడలి చేతికి వచ్చింది. కాలేజీ వాళ్ల తరగతుల యాప్ పెట్టుకోబోతే మీరు చెప్పిందే జరిగింది. ఒక మొబైల్ అంగడిలో చూపిస్తే, మొత్తం ఎగరగొట్టి సాఫ్ట్‌వేర్ కొత్తగా ఎక్కించాలి, ఎనిమిది వందలు అవుతుంది అన్నారు. అక్క డబ్బు తీసి చేతిలో పట్టుకుంది కూడా. బావ ఒకే మాట అడిగారు: "అందులోని ఫోటోలు ఉంటాయా?" ఉండవన్నారు. ఆయన ఫోను తీసుకుని జేబులో పెట్టుకుని నేరుగా నా దగ్గరికి వచ్చారు.

ఆ ఫోటోలు నేను చూశాను. కూతురి పుట్టినరోజులన్నీ ఆయన ఆ ఫోనులోనే చూశారు. వీడియో కాల్‌లో పాప కేకు కోస్తుంటే స్క్రీన్ మీద తీసి పెట్టుకున్నవి, ఏటికొకటి. ప్రతి దాంట్లోనూ ఒక మూల చిన్న చదరంలో ఆయన ముఖం, వెనక ఇరుకు గది గోడ. మీ వారి ఫోనులోనూ ఇలాంటివి తప్పకుండా ఉంటాయి.

ఇప్పుడు అసలు సంగతి. సెట్టింగ్స్ తెరిచి పైన ఉన్న పేరు నొక్కండి. మీడియా అండ్ పర్చేజెస్ అన్న చోటికి వెళ్లి ఖాతా తెరిస్తే, కొనుగోళ్ల చరిత్ర, అంటే పర్చేజ్ హిస్టరీ ఉంటుంది. మేము తెరవగానే ఒక వరుసలో ఎర్రని అక్షరాలు కనిపించాయి. ఫోటోలు దాచుకునే స్టోరేజీకి బావ ఎప్పుడో కట్టుకున్న నెలవారీ చందా అది. బాకీ నూరు రూపాయలు కూడా లేదు. తిరిగి వచ్చేటప్పుడు అక్కడి బ్యాంకు ఖాతా మూసేసి వచ్చారు, దానితో కార్డు పోయింది. చందా ఆపాలన్న సంగతి ఆ హడావిడిలో ఎవరికి గుర్తుంటుంది? తరువాతి నెల డబ్బు గుంజబోతే రాలేదు, బాకీగా నిలిచిపోయింది. ఖాతాలో బాకీ ఉంటే యాప్ స్టోర్ కొత్త యాప్‌లు ఇవ్వదు, పాతవాటిని అప్‌డేట్ చేయనివ్వదు. ఉచితమైనా అంతే. చెల్లింపు పద్ధతుల్లో "నన్" అని ఒకటి ఉంటుంది, అంటే ఏ కార్డూ వద్దని. బాకీ ఉన్నా, చందా నడుస్తున్నా అది కనిపించదు. అందుకే ఫోను మిమ్మల్ని కార్డు కోసం వేధిస్తోంది.

రెండో ముడి దేశం. ఆ ఖాతా కువైట్‌లో తెరిచింది కాబట్టి అక్కడి చెల్లింపు పద్ధతులే చూపిస్తుంది. యూపీఐ కనిపించకపోవడానికి, మన కార్డు చెల్లకపోవడానికి కారణం ఇదే. మీ బ్యాంకులో తప్పేమీ లేదు.

పాప చదువు ఆగకూడదు కదా, ఈ రాత్రికే అయ్యే పని ముందు చెబుతాను. మీ వారి ఖాతాను ఫోనులో అలాగే ఉంచండి, ఫోటోలు దానిలో ఉంటాయి. మీడియా అండ్ పర్చేజెస్‌లో మాత్రం సైన్ అవుట్ చేయండి. తరువాత యాప్ స్టోర్ తెరిచి పాప పేరుతో కొత్త ఖాతా మొదలుపెట్టండి. దేశం దగ్గర ఇండియా ఎంచుకోండి, చెల్లింపు దగ్గర నన్ నొక్కండి, చేతిలో ఉన్న మన ఊరి నంబరు ఇవ్వండి. ఫోటోలకు ఒక ఖాతా, యాప్‌లకు మరొకటి ఉండవచ్చు, ఐఫోన్ దానికి ఒప్పుకుంటుంది. మా మేనకోడలికి పావుగంటలో కాలేజీ యాప్ వచ్చేసింది. ఒక్కటి గుర్తుంచుకోండి: తండ్రి ఖాతాతో ముందే తెచ్చుకున్న యాప్‌లు అప్‌డేట్ చేసేటప్పుడు ఆయన పాస్‌వర్డే అడుగుతుంది. అవసరమైన వాటిని తీసేసి కొత్త ఖాతాతో మళ్లీ తెచ్చుకుంటే సరిపోతుంది.

పాత ఖాతాను బాగు చేసుకోవడం నిదానంగా చేయాల్సిన పని. మాకు నెల దాటింది. బాకీ తీర్చడానికి అక్కడి కార్డు కావాలి. బావ పిన్ని కొడుకు ఇంకా కువైట్‌లోనే ఉన్నాడు. వీడియో కాల్‌లో ఉండి తన కార్డు వివరాలు తనే చదివాడు, బావ ఎక్కించారు, బాకీ తీరగానే కార్డు తీసేశాం. సొంత తమ్ముడిలాంటివాడు కాబట్టి ఆ పని చేశాం, పరిచయస్తులతో ఇలా చేయకండి. తరువాత స్టోరేజీ చందా రద్దు చేశాం. అంతకంటే ముందు ఫోటోలన్నీ నా అంగడిలోని కంప్యూటర్‌లోకి, అక్కడి నుంచి ఒక హార్డ్ డిస్క్‌లోకి ఎక్కించాం. ఈ వరుస తప్పకండి. చందా పోయాక చోటు తగ్గిపోతుంది. రద్దు చేసిన చందా గడువు పూర్తిగా ముగిసేదాకా దేశం మార్చలేం, కాబట్టి ఆగాలి. ఖాతాలో చిల్లర నిల్వ ఉన్నా మార్చనివ్వదు. ఏమీ కొనలేనంత చిన్న మొత్తం మిగిలితే యాపిల్ సహాయ విభాగాన్ని అడిగితే తీసేస్తారు. కుటుంబ ఖాతాలో చేరి ఉంటే దాని నుంచీ బయటికి రావాలి.

దేశం ఇండియాకు మారాక కూడా మన కార్డు ఎందుకు ఎక్కలేదని బావ మళ్లీ దిగులు పడ్డారు. చందాల కోసం కార్డు నుంచి నెలనెలా దానంతట అదే డబ్బు గుంజే పద్ధతిపై రిజర్వు బ్యాంకు 2021 అక్టోబరు నుంచి నిబంధనలు బిగించింది. 2022లో యాపిల్ మన దేశపు కార్డులు తీసుకోవడం ఆపేసింది. మేము చేసినప్పుడు యూపీఐయే దారి.

యూపీఐ దగ్గర మళ్లీ ఆగాం. బావ బ్యాంకు ఖాతాకు ఉన్నది కువైట్ నంబరు. ప్రవాసుల విదేశీ నంబర్లకు యూపీఐ ఇస్తామని 2023 జనవరిలో చెప్పిన 10 దేశాల్లో సౌదీ, ఖతార్, ఒమన్, యూఏఈ ఉన్నాయి, కువైట్ లేదు. బ్యాంకు శాఖకు ఆధార్ పట్టుకుని వెళ్లి, కాగితం రాసిచ్చి, ఇక్కడి నంబరు జోడించుకున్నాకే యూపీఐ నడిచింది. మీ వారిది కూడా ముందు ఇది సరిచూడండి. కువైట్ వెళ్లొచ్చినవాళ్లలో చాలామందికి ఇదే అడ్డు తగలడం నేను అంగడిలో చూస్తున్నాను.

యూపీఐ ఐడీ ఇచ్చాక మీ యూపీఐ యాప్‌కు ఒక అనుమతి కోరిక వస్తుంది, గరిష్ఠ మొత్తం అని ఒక అంకె కనిపిస్తుంది. దాన్ని చూసి మా అక్క హడలిపోయింది. అంత డబ్బు అప్పుడే పోదు, అది పైహద్దు మాత్రమే. నెలనెలా గుంజే చెల్లింపుల్లో 15,000 రూపాయల దాకా మళ్లీ పిన్ అడగకుండానే పోవచ్చని 2022 జూన్ నుంచి ఉంది, అయితే డబ్బు తీసే ముందు సమాచారం పంపాలి. ఆ అనుమతిని మీ యాప్‌లో ఆటోపే అన్న చోట ఎప్పుడైనా రద్దు చేసుకోవచ్చు. నడుస్తున్న చందా ఉంటే ముందు దాన్ని రద్దు చేసి, ఆ తరువాతే అనుమతి తీసేయండి. లేకపోతే మళ్లీ బాకీ పడుతుంది, మళ్లీ మొదటికి వస్తారు.

ఆండ్రాయిడ్ ఫోను తెచ్చుకున్నవాళ్లకు బాధ తక్కువ. ఉచిత యాప్‌కు ప్లే స్టోర్ కార్డు అడిగితే స్కిప్ నొక్కి ముందుకు వెళ్లవచ్చు. అక్కడ దేశం మాత్రం ఏడాదికి ఒక్కసారే మార్చగలం.

ఇంకో సంగతి చెప్పకుండా ఉండలేను. ఈ గొడవ నడుస్తుండగా అక్క వెతికి ఎక్కడో దొరికిన "సహాయ కేంద్రం" నంబరుకు ఫోను చేసింది. అవతలివాడు చాలా మర్యాదగా మాట్లాడి, డబ్బు వెనక్కి వేస్తానన్నాడు, అక్క ఫోను స్క్రీన్ తనకు కనిపించేలా చేసే యాప్ ఒకటి పెట్టుకొమ్మన్నాడు, ఆపైన యూపీఐ పిన్ కొట్టమన్నాడు. సరిగ్గా అప్పుడే బావ ఇంటికి రాబట్టి ఫోను పెట్టేసింది. డబ్బు రావడానికి పిన్ ఎప్పుడూ అక్కరలేదు. ఎవరికైనా అలా పోయి ఉంటే ఆ గంటలోనే 1930కి ఫోను చేయాలి, ఆలస్యమైతే డబ్బు చేతులు మారిపోతుంది.

మీ ఫోనులో కొనుగోళ్ల చరిత్ర తెరిచి, ఎర్రని అక్షరాల వరుసలో ఏ పేరు ఉందో, ఎంత బాకీ ఉందో ఇక్కడ రాయండి. చందా రకాన్ని బట్టి తరువాతి మెట్టు చెబుతాను. పాస్‌వర్డు, కార్డు నంబరు, ఓటీపీ మాత్రం రాయకండి, నాకు కూడా పంపకండి.